ఏ గింజ ఏ సంచిలోది? — విద్యుద్వాహన బ్యాటరీల తయారీలో ఆచూకీ లెక్క

మన రసాయనశాస్త్ర ప్రయోగశాలలో సాల్టు అనాలిసిస్ చేసినవారందరికీ పొట్లాల సంగతి తెలుసు. చిన్న కాగితప్పొట్లంలో తెల్లని పొడి ఇస్తారు. పొట్లంమీద ఒక నంబరు ఉంటుంది. ఆ నంబరును ముందు రికార్డులో రాసుకోవాలి. మొదటి సంవత్సరంలో నేను ఆ పని చేయకుండా, పొడిని వాచ్‌గ్లాసులో పోసుకొని కాగితాన్ని ఉండచుట్టి పారేశాను. గంటన్నరసేపు కుస్తీపట్టి అది అమ్మోనియమ్ క్లోరైడని తేల్చాను. లెక్చరరుగారు వచ్చి "నంబరెంతోయ్?" అన్నారు. నా దగ్గర జవాబుంది గాని, అది ఏ ప్రశ్నకు జవాబో నా దగ్గర లేదు. ఆయన నవ్వి ఇంకో పొట్లం చేతిలో పెట్టారు. స్నేహితులు వారంరోజులు ఏడిపించారు.

నాకు మాత్రం ఆరోజు నవ్వు రాలేదు. మా నాయిన గుర్తుకొచ్చాడు.

మాది పాలమూరు జిల్లాలో ఒక మెట్ట పల్లె. 2019 వానాకాలం, నేను తొమ్మిదో తరగతి. రెండెకరాల్లో పత్తి పెట్టడానికి నాయిన నాలుగు ప్యాకెట్ల విత్తనాలు తెచ్చాడు. ప్యాకెట్టు 700 రూపాయల పైచిలుకు. పొద్దున్నే అమ్మ నాలుగు ప్యాకెట్లూ కత్తిరించి ఒకే బేసినులో పోసింది, కూలీలకు దోసిళ్లతో పంచడానికి వీలుగా ఉంటుందని. ప్యాకెట్లు గాలికి ఎటో పోయాయి. పదిరోజుల తర్వాత చూస్తే చేను నిండా సందులు. ఇక్కడ నాలుగు మొలకలుంటే అక్కడ నాలుగు గుంతలు ఖాళీ. దుకాణంలో అడిగితే వ్యవసాయాధికారి దగ్గరకు వెళ్లమన్నారు. అధికారి వచ్చి చేనంతా తిరిగి చూసి, "లాట్ నంబరుంటే చెప్పు పెద్దాయనా, లేకుంటే నేనేం రాయాలె?" అన్నాడు. వెతికితే గొడ్లపాకలో రెండు ఖాళీ ప్యాకెట్లు దొరికాయి. రెండింటిమీదా రెండు వేర్వేరు లాట్లు! ఏ లాటు చెడ్డదో చేను చూసి చెప్పడం ఇక బ్రహ్మతరం కాదు. "అన్నీ ఒకే దుకాణంల తెచ్చినయే గద, ఏది ఏదైతేంది అనుకున్న" అని నాయిన ఆ రాత్రి చాలాసార్లు అన్నాడు. నష్టపరిహారం రాలేదు. మళ్లీ అప్పు తెచ్చి సందులు పూడ్చాం.

బ్యాటరీలమీద వ్యాసంలో పత్తి గొడవ ఎందుకని మిత్రులు అడగవచ్చు. విద్యుద్వాహనాల బ్యాటరీలు తయారయ్యేచోట ఇంజనీర్లను రాత్రింబవళ్లు వేధించే ప్రశ్న కూడా అదే: ఏ గింజ ఏ సంచిలోది? మా జిల్లాలోనే, మహబూబ్‌నగర్ పక్కన దివిటిపల్లి వద్ద, 2023 మేలో అమరరాజా సంస్థ లిథియమ్ సెల్లుల కర్మాగారానికి శంకుస్థాపన జరిగింది. అప్పటినుంచి మా ఊళ్లో కుర్రాళ్ల నోట ఈ మాటలు వినబడుతున్నాయి. మా పెద్దనాయిన కొడుకు ఐ.టి.ఐ. చదివి, హైదరాబాదు పొలిమేరలో బ్యాటరీ ప్యాకులు బిగించే ఒక చిన్న యూనిట్‌లో పనిచేస్తున్నాడు. పుస్తకాలలో చదివిందానికి అతను చెప్పింది కలిపి ఈ నాలుగు మాటలు రాస్తున్నాను.

ముందుగా సెల్లు అంటే ఏమిటో రెండు ముక్కలు. 1991లో సోనీ కంపెనీ మొదటిసారి బజారులోకి తెచ్చిన లిథియమ్ అయాన్ ఘటం, కొలతలు మారినా, సూత్రంలో నేటికీ అదే. దీని వెనుకనున్న ముగ్గురు శాస్త్రజ్ఞులకు, గుడినఫ్, విటింగ్‌హామ్, యోషినోలకు, 2019లో రసాయనశాస్త్ర నోబెల్ బహుమతి వచ్చింది. పలుచని అల్యూమినియమ్ రేకుమీద లిథియమ్ సమ్మేళనం పూసింది కాథోడు. రాగిరేకుమీద గ్రాఫైటు పూసింది ఆనోడు. రెండూ ఒకదానినొకటి తాకకుండా మధ్యన సన్నని రంధ్రాలున్న ప్లాస్టిక్ పొర. దాన్నే సెపరేటరు అంటారు. ఇవన్నీ తడిసేలా విద్యుద్విశ్లేష్య ద్రావణం. ఆ పొర ఎక్కడైనా చిరిగినా, మడతపడినా, ఒక లోహపు రజను దాన్ని పొడిచినా రెండు ధ్రువాలూ లోపలే కలిసిపోతాయి. సెల్లు వేడెక్కుతుంది, ఆ వేడికి పక్క సెల్లు, దాని వేడికి ఆ పక్కది. గడ్డివాము అంటుకున్నట్టే.

ఒక కారులో ఇలాంటి సెల్లులు ఎన్ని? టెస్లా మోడల్ ఎస్ తొలి 85 కిలోవాట్ గంటల ప్యాకులో 7,104. షెవర్లే బోల్ట్ కారులో అరచేతికంటె పెద్దవి, సంచీల్లాంటివి, 288. వీటిలో ఒక్కటి చెడినా చాలు. అందుచేత ప్రతి సెల్లుకూ ఒక పుట్టుక లెక్క ఉండాలి: ఏ పొడి, ఏ రేకు, ఏ యంత్రం, ఏ గంట. దీన్నే ఆచూకీ లెక్క అంటున్నాను.

సెల్లుమీద ఒక నంబరు అచ్చువేస్తే సరిపోదా? నేనూ మొదట అలాగే అనుకున్నాను. కాని చిక్కంతా నంబరు వేయడానికి ముందే ఉన్నది. పొడిమీద నంబరు వేయలేం గదా!

కాథోడు తయారీ పొడులతో మొదలవుతుంది. లిథియమ్ సమ్మేళనం, కొంచెం కార్బను నలుపు, అంటుకొనేందుకు పి.వి.డి.ఎఫ్. అనే పాలిమరు, వీటిని ఎన్.ఎమ్.పి. అనే ద్రావణిలో కలిపి చిక్కని జావలా చేస్తారు. ఒక్కొక్క పొడి ఒక్కొక్క డ్రమ్ములో వస్తుంది, డ్రమ్ముకు చీటీ ఉంటుంది. కలిపే యంత్రంలో పోసేముందు చీటీని స్కాను చేస్తారు. ఇంతవరకు బాగానే ఉంది. ఆ తర్వాత డ్రమ్ములు పోయి జావ మిగిలింది. చీటీలు ఐదు, జావ ఒకటి. దానికి కొత్త నంబరు పెట్టి, "ఈ జావ తల్లిదండ్రులు ఫలానా ఐదు డ్రమ్ములు" అని రాసిపెట్టాలి. ఇంకొక తిరకాసు: మొదటి జావ పూర్తిగా అయిపోకముందే గొట్టాల్లోకి రెండో జావ వస్తుంది. కొంతమేర రెండూ కలిసే ఉంటాయి. ఆ మేరకు పూసిన రేకుకు ఇద్దరు తల్లులు. ఏదో ఒకటి చెడ్డదని తేలితే ఆ భాగాన్ని రెండింటి ఖాతాలోనూ అనుమానితంగా లెక్కించాలి. మా అమ్మ బేసిను గొట్టంలో దాక్కున్నట్టు!

కలవడం ఒక బాధ అయితే చీలడం ఇంకొక బాధ. ఈ జావను వందల మీటర్ల పొడవున్న రేకు చుట్టమీద రెండువైపులా పూసి, పొడవాటి పొయ్యిలలో ఆరబెట్టి, రోలర్ల మధ్య నొక్కి, నిలువునా పట్టీలుగా చీలుస్తారు. ఒక తల్లి చుట్ట ఇప్పుడు నాలుగైదు పిల్ల చుట్టలయింది. పూతలో ఎక్కడైనా మందం తగ్గితే, చిన్న గుంట పడితే, అక్కడున్న కెమెరా "ఫలానా మీటరు దగ్గర" అని నమోదు చేస్తుంది. మరి ఆ మీటరు తర్వాతి యంత్రంలో ఎక్కడుంటుంది?

ఇక్కడ చదువుతూ ఆగి, అమ్మ దగ్గరున్న దారపు ఉండ తెచ్చుకొని చుట్టిచూశాను. యంత్రం నుంచి బయటికి వచ్చేటప్పుడు రేకును చుట్టగా చుడతారు. చివరికి చుట్టింది పైన ఉంటుంది. తర్వాతి యంత్రంలో విప్పేటప్పుడు ఆ పైదే ముందు వస్తుంది. అంటే వెయ్యి మీటర్ల చుట్టలో మొదటి యంత్రానికి 900వ మీటరైనది రెండో యంత్రానికి 100వ మీటరు. మూడో యంత్రం దగ్గరికొచ్చేసరికి మళ్లీ తలకిందులు. నడుమ ఎవరైనా చెడిపోయిన ఇరవై మీటర్లు కత్తిరించి అతుకుపెడితే అక్కడినుంచి లెక్కంతా జరుగుతుంది. ఆ కత్తిరింపును రాయడం మరిచిపోతే, కెమెరా చూపిన తప్పును వదిలేసి, దానికి ఇరవై మీటర్ల అవతలనున్న మంచి రేకును పారేస్తాం. అందుకే కొన్నిచోట్ల పూతలేని అంచుమీద నిర్ణీత దూరాలకు లేజరుతోనో సిరాతోనో గుర్తులు వేస్తారు, రోడ్డు పక్కన కిలోమీటరు రాళ్లలాగా. చుట్ట ఎటు తిరిగినా రాయి రాయే.

గడియారాల సంగతి ఇంకా విచిత్రం. లెక్క చాలావరకు సమయంమీద నడుస్తుంది: "10 గంటల 5 నిమిషాలకు ఈ యంత్రంలో ఉన్నది ఈ చుట్ట" అని. ఒక యంత్రం గడియారం రెండు నిమిషాలు ముందుంటే, ఆ రెండు నిమిషాల్లో పోయిన మీటర్లన్నీ వేరేవారి పేరుమీద పడతాయి. కాబట్టి కర్మాగారంలోని యంత్రాలన్నీ ఒకే గడియారం చూడాలి.

పట్టీలను ముక్కలుగా కోసి, సెపరేటరుతో పేర్చో చుట్టో, గుల్లలోనో సంచిలోనో పెట్టినప్పుడు మొదటిసారిగా ఒక వస్తువు చేతికొస్తుంది. దానిమీద అచ్చువేయవచ్చు. ఆ అచ్చే నలుపు తెలుపు గళ్ల చిన్న చతురస్రం. మనం కిరాణా కొట్టులో డబ్బు కట్టడానికి ఫోనుతో తీసే క్యూ.ఆర్. గుర్తు ఇలాంటిదే. 1994లో జపానులో డెన్సో కంపెనీ దాన్ని కనిపెట్టింది కారు విడిభాగాల ఆచూకీ కోసమేనని తెలిసినప్పుడు నాకు భలే ఆశ్చర్యం వేసింది. రీడ్, సాలమన్ అనే ఇద్దరి పేర ఉన్న గణితం దాని లోపల ఉండటంవల్ల, గట్టి స్థాయిలో అచ్చువేస్తే దాదాపు 30 శాతం చెరిగిపోయినా చదవవచ్చు. బీజగణితం ఎందుకు పనికొస్తుందని అడిగే మా రూమ్మేటుకు ఈ వాక్యం అంకితం.

ఆ తరువాత ద్రావణం పోస్తారు. ఇది నీటి చెమ్మను సహించదు. అందులోని లవణం ఎల్.ఐ.పి.ఎఫ్.6, తేమ తగిలితే హైడ్రోఫ్లోరిక్ ఆమ్లం పుట్టిస్తుంది. అందుకని ఆ గది గాలిని ఎడారికంటె పొడిగా ఉంచుతారు. ఆ గంటలో గది తేమ ఎంతో కూడా సెల్లు ఖాతాలోకి ఎక్కుతుంది. పిమ్మట మొదటి చార్జింగు, చాలా నెమ్మదిగా. గ్రాఫైటుమీద ఒక రక్షణపొర ఏర్పడేది అప్పుడే. తర్వాత కొన్నాళ్లు ఊరికే నిలవ ఉంచి, వోల్టేజి తనంతట తాను ఎంత పడిపోయిందో కొలుస్తారు. ఎక్కువ పడిపోయినదానిలో లోపల ఎక్కడో కారుతున్నదన్నమాట. ఈ కాలమంతా సెల్లులు ట్రేలలో ఉంటాయి. కొలతలు "ఏ ట్రే, ఏ గుంట" అని నమోదవుతాయి. ఎవరైనా ట్రేను అటుదిటు తిప్పిపెడితే మొదటి సెల్లు జాతకం చివరి సెల్లుకు!

ఇక గ్రేడింగు. నన్ను అన్నిటికంటె ఆలోచింపజేసింది ఇది. శ్రేణిలో కలిపిన సెల్లులలో బలహీనమైనది ఎంత ఇస్తే ప్యాకంతా అంతే ఇస్తుంది. అందుచేత సమాన సామర్థ్యం ఉన్నవాటిని ఏరి ఒక ప్యాకులో పెడతారు. మంచి పనే. కాని దానివల్ల ఒకే రోజు ఒకే చుట్టలో పుట్టినవి చెల్లాచెదురవుతాయి. లెక్క కోసం ఇలా అనుకుందాం: చుట్ట వెయ్యి మీటర్లు, మీటరుకు ఒక సెల్లు, ప్యాకుకు వంద సెల్లులు. వరుసగా బిగిస్తే ఆ చుట్ట అంతా పది కార్లలో ఉంటుంది. ఏరి బిగిస్తే అది వెయ్యి కార్లదాకా వ్యాపించవచ్చు. ఆ చుట్టలో నలభై మీటర్లు చెడ్డవని తర్వాత తెలిసిందనుకోండి. మీటరు లెక్క ఉంటే మహా అయితే నలభై కార్లను వెనక్కి పిలిస్తే చాలు. చుట్ట లెక్క మాత్రమే ఉంటే వెయ్యి కార్లనూ పిలవాలి. ఏ లెక్కా లేకపోతే ఆ ఏడు తయారైన కార్లన్నీ పిలవాలి.

ఇది కాగితంమీది లెక్క కాదు. జనరల్ మోటార్స్ వారి షెవర్లే బోల్ట్ కార్లు కొన్ని నిలిపి ఉంచినచోటే తగలబడ్డాయి. 2020 నవంబరులో కంపెనీ సుమారు 68 వేల కార్లను వెనక్కి పిలిచింది. వాటి సెల్లులు దక్షిణ కొరియాలో ఎల్.జి. వారి ఓచాంగ్ కర్మాగారంలో తయారైనవి. దోషం ఆ ఒక్కచోటిదే అనుకున్నారు. తరువాత తేలిందేమంటే, రెండు వేర్వేరు లోపాలు ఒకే సెల్లులో కలిస్తేనే మంట: ఆనోడు ట్యాబు చిరగడం ఒకటి, సెపరేటరు మడతపడటం ఇంకొకటి. ఒక్కొక్కటీ అరుదు, రెండూ కలవడం మరీ అరుదు. ఇలాంటి సెల్లులు ఇతర కర్మాగారాల నుంచి కూడా వచ్చాయని బయటపడటంతో 2021 ఆగస్టులో మిగతా కార్లనూ చేర్చారు. మొత్తం సుమారు 1,42,000. అంటే అప్పటిదాకా తయారైన బోల్ట్‌లన్నీ! కార్లను ఇంటికి దూరంగా ఆరుబయట పెట్టుకోమని, పక్క కారుకు 50 అడుగుల ఎడం ఉంచమని యజమానులకు చెప్పవలసివచ్చింది. నష్టంలో 190 కోట్ల డాలర్లదాకా ఎల్.జి. భరించడానికి ఒప్పుకుంది. సెల్లులమీద నంబర్లు లేకనా ఇదంతా? కాదు. ఆ నంబరు వెనుక "ఈ సెల్లులో సెపరేటరు మడతపడింది" అని చూసి రాసిన కన్ను లేకపోవడమే అసలు లోటని నా అభిప్రాయం. పుట్టినచోటు తెలిసింది, పుట్టినప్పటి దెబ్బ తెలియలేదు.

నంబరు ఉన్నంతమాత్రాన సరుకు మంచిదని కాదనడానికి మనకందరికీ గుర్తున్న ఉదాహరణ 2016 నాటి శామ్‌సంగ్ నోట్ 7. ఒక తయారీదారు బ్యాటరీలు చెడ్డవని తేల్చి, రెండో తయారీదారువి పెట్టి ఫోన్లు మార్చి ఇచ్చారు. అవీ మండాయి, వేరే లోపంతో.

మన దగ్గరికొస్తే, 2022 ఏప్రిల్‌లో నిజామాబాదులోను, విజయవాడలోను ఇళ్లలో చార్జింగు పెట్టిన స్కూటరు బ్యాటరీలు పేలి ప్రాణాలు పోయాయి. ఆ ఏడే ప్రభుత్వం ఏ.ఐ.ఎస్. 156 అనే భద్రతా ప్రమాణాన్ని బిగించి, 2022 డిసెంబరు 1 నుంచి, 2023 మార్చి 31 నుంచి రెండు దశలుగా అమలుచేసింది. సెల్లుమీద అది తయారైన నెల, సంవత్సరం కనబడాలన్నది అందులోని ఒక నియమం. మా ఊరి భాషలో చెప్పాలంటే, విత్తన ప్యాకెట్టుమీద తేదీ. ఐరోపా దేశాలు ఇంకా ముందుకు పోయి 2023లో ఒక చట్టం చేశాయి. దాని ప్రకారం 2027 ఫిబ్రవరి 18 నుంచి అక్కడ అమ్మే విద్యుద్వాహన బ్యాటరీలకు పాస్‌పోర్టు ఉండి తీరాలి. క్యూ.ఆర్. గుర్తును తీస్తే ఎవరు చేశారు, ఏయే పదార్థాలున్నాయి వంటివి కనబడాలి. ప్రపంచపు కోబాల్టులో సగానికి పైగా కాంగో గనులనుంచి వస్తున్నది, కొన్ని గనులలో పసిపిల్లలు మట్టి మోస్తున్నారు. అందువల్ల లెక్క కర్మాగారం గేటు దగ్గర ఆగదు, గనిదాకా పోవాలి.

అయితే ఆ గనిదాకా పోయే లెక్క రాసేది ఎవరు? మొన్న సెలవుల్లో మా అన్నను ఇదే అడిగాను. తన పని చెప్పాడు: "తమ్మీ, ఒక్కో సెల్లును పిస్తోలుతోని కొట్టాలె. అది కీచుమంటేనే నట్టు బిగించే మిషను నడుస్తది. నేను మరిచినా అది మరవనియ్యది." మరి ప్యాకు బిగించాక ఒక సెల్లు చెడిందని తేలితే? కొంచెంసేపు ఊరుకున్నాడు. "తీసి వేరేది పెడ్తం. షిఫ్టు ఒడిసే టైమైతే, రేపు ఎక్కిద్దాం అని చీటీ మీద రాసుకుంటం." ఆ చీటీ జేబులోనే ఉతుక్కు పోయిన రోజులున్నాయా అని నేనడగలేదు, అతను చెప్పలేదు. ఇన్ని కెమెరాలు, ఇన్ని గడియారాలు కాపాడిన లెక్క తెగేది ఇలాంటిచోటే. మరమ్మతు చేసే బల్ల దగ్గర కూడా పిస్తోలు కీచుమననిదే మూత పడకుండా చేస్తే బాగుంటుందని అతనే అన్నాడు, వాళ్ల సూపర్‌వైజరుకు చెప్పాడట కూడా.

నాకు ఇంకో అనుమానం ఉంది. ఈ పాస్‌పోర్టు తెరిచి చదివేది ఎవరు? మా మండలంలో పాత బ్యాటరీ వేయించుకొని ఈ-ఆటో నడిపేవాళ్లున్నారు. ఆ బ్యాటరీ ఎన్నేళ్లది, ఎక్కడిది అన్నది అమ్మేవాడి నోటిమాటే. గళ్ల గుర్తు వెనుకనున్న పుస్తకం కంపెనీ బీరువాలోనే ఉంటే, ఆ ఆటో నడిపే మనిషికి అది మా అధికారి అడిగిన లాట్ నంబరులాంటిదే. అడిగినప్పుడు చూపవలసింది అతను, చదవగలిగింది ఇంకొకరు.

ఈ ఏడు మా చేలో రెండు లాట్ల పత్తి పెట్టాం. అమ్మ బేసిను బయటికి తీయలేదు. ఒక లాటు వేపచెట్టు వైపు, ఇంకొకటి బోరు వైపు, నడుమ ఒక సాలు కంది. కోసిన ప్యాకెట్లను నాయిన గొడ్లపాకలో తీగకు గుచ్చి, ఒక్కొక్కదానిమీద "వేప", "బోరు" అని నాచేత రాయించాడు. బోరు వైపు మూడు సాళ్లు మిగిలితే వేప వైపు విత్తనాలే తెచ్చి పెట్టారు. ఆ మూడు సాళ్ల సంగతి రాయడానికి ప్యాకెట్టుమీద చోటులేక, వెనక్కి తిప్పి రాశాను.